ఏలియామ్మ చేచ్చి భాషలో సంసారం

పక్క గదిలో వాన పడుతోంది. అసలు వాన కాదు, టీవీలో వాన. మా ఆయన మలయాళం సినిమా పెట్టుకుని కూర్చున్నారు. పాట లేదు, వెనక వాయిద్యాలు లేవు. పెంకుల మీద చినుకుల చప్పుడు, మధ్యలో ఎవరో ఇత్తడి బిందె జరిపిన చప్పుడు. ఆ చప్పుడు వింటే చాలు, కొబ్బరినూనెలో అరటికాయ చిప్స్ వేగుతున్న వాసన, దానితో కలిసి ప్రొజెక్టరు బల్బు వేడికి దుమ్ము కాలే వాసన నా ముక్కుకు తగులుతాయి. “మీ సినిమాలో వానొస్తే హీరోయిన్ తడుస్తుంది. మా సినిమాలో వానొస్తే ఎవరో ఒక ఆడది పరుగెత్తుకెళ్ళి ఆరేసిన బట్టలు తీస్తుంది” అని ఎన్నో ఏళ్ళ క్రితం జెర్సీ సిటీలో ఒక మనిషి నాతో అంది. ఆమె పేరు ఏలియామ్మ. నేను చేచ్చి అనేదాన్ని. వాళ్ళ భాషలో చేచ్చి అంటే అక్క.

ఇది ఇప్పుడు రాయవలసి రావడానికి కారణం ఉంది. ఇప్పుడు మేముంటున్న హెర్న్‌డన్‌లోని ఇంటికి ఈమధ్య మలయాళీ సంఘంవాళ్ళ సావనీరు ఒకటి వచ్చింది. దళసరి మెరుపు కాగితం, పేజీకో ప్రకటన. తొలి రోజుల్లో న్యూజెర్సీలో మలయాళం సినిమాలు ఆడించినవాళ్ళ గురించి అందులో ఒక వ్యాసం ఉంది. పాత ఫొటోలు కావాలని అడిగితే నా దగ్గరున్న ఒకే ఒక్క ఫొటో పంపాను. అందులో చేచ్చి ప్రొజెక్టరు పక్కన నిలబడి ఉంటుంది, ఒక చెయ్యి రీళ్ళ పెట్టె మీద. దాని కింద వాళ్ళు వేసిన మాట: “టీ, ఫలహారాల ఏర్పాట్లలో సహకరించిన మహిళలు.” వ్యాసంలో మగవాళ్ళ పేర్లు వరసగా ఉన్నాయి. ప్రదర్శనలు ఎందుకు ఆగిపోయాయంటే, ప్రేక్షకుల ఆసక్తి తగ్గడం వల్లనట. ఆసక్తి తగ్గలేదు. అవి ఎలా ఆగాయో ఆ హాల్లో కూర్చుని చూశాను. ఇంకా మతి ఉంది, చెయ్యి ఆడుతోంది. అందుకని రాస్తున్నాను.

నేను చదివింది ఇంటర్మీడియట్, అదీ చీరాలలో తెలుగు మీడియం. మిగిలిన చదువంతా జెర్సీ సిటీ లైబ్రరీలో. 1979లో పెళ్ళయి వచ్చేసరికి నాకు ఇంగ్లీషు చదివితే అర్థమయ్యేది, వింటే అయ్యేది కాదు. మా ఆయన పొద్దున్నే నది కింద నుంచి వెళ్ళే రైలెక్కి న్యూయార్కులో ఒక బ్యాంకు కంప్యూటర్ల దగ్గరికి వెళ్ళిపోయేవారు. నేను లైబ్రరీకి నడిచి వెళ్ళేదాన్ని. అక్కడ డొలోరెస్ అనే ఆవిడ నాకు కార్డు రాసిచ్చి, “మీరేం చదవాలనుకుంటున్నారు?” అని అడిగింది. జీవితంలో నన్ను ఆ ప్రశ్న అడిగిన మొదటి మనిషి ఆమె. ఏం చెప్పాలో తెలియక “అన్నీ” అన్నాను. ఆమె నవ్వలేదు, మొదటి అల్మారా దగ్గరికి తీసుకెళ్ళింది. దేశాల చరిత్రలు, కుటుంబ వ్యవస్థలు, సినిమా గురించి రాసిన పుస్తకాలు, ఏది దొరికితే అది చదివాను. డిగ్రీలున్నవాళ్ళు నా మాట వినేవారు కాదు గాని, నా మటుకు నాకు ఆ చదువంటే ఇప్పటికీ గర్వమే.

చేచ్చి పరిచయమైంది మా అపార్టుమెంటు నేలమాళిగలో, బట్టలు ఉతికే మెషీన్ల దగ్గర. తెల్ల యూనిఫారంలో ఒకావిడ దుప్పట్లు మడతపెడుతోంది. నాకు కడుపులో తిప్పుతోంది, గోడ పట్టుకుని నిలబడ్డాను. ఆమె గబగబా వచ్చి స్పష్టమైన తెలుగులో, “నోరు తెరువు. నాలుక చూపించు. గట్టిగా ఊపిరి పీల్చు. ఎన్నో నెల?” అంది. అమెరికాలో నేలమాళిగలో తెలుగు వినబడేసరికి నాకు కళ్ళనీళ్ళు తిరిగాయి. తీరా చూస్తే ఆమెకు వచ్చిన తెలుగు అంతే. కొట్టాయం దగ్గర పుట్టి, నర్సు శిక్షణ గుంటూరు ఆసుపత్రిలో పొంది, అక్కడే కొన్నాళ్ళు పనిచేసి, తర్వాత అమెరికా వచ్చింది. రోగులకు చెప్పే మాటలు తప్ప వేరే తెలుగు రాదు. ఆ మాటలతోనే అన్ని పనులూ నడిపించేది. భోజనానికి పిలిస్తే “మింగు, మింగు, భయపడకు” అని వడ్డించేది. వెళ్ళేటప్పుడు “రేపు పరగడుపున రా” అనేది. మిగతాదంతా ఇంగ్లీషు, మధ్యలో మలయాళం. నన్ను “మోళే” అని పిలిచేది. అమ్మాయీ అన్నట్టు.

ఆమె భర్త కురియన్ గారు ఊళ్ళో హైస్కూల్లో మలయాళం చెప్పేవారు. ఆమె ముందు వచ్చి, తర్వాత ఆయన్ని తెచ్చుకుంది. ఇక్కడ మలయాళం పంతులు ఎవరికి కావాలి? ఒక కార్ల పార్కింగులో కాపలా ఉద్యోగం దొరికింది. అలాంటి మగవాళ్ళు ఆ రోజుల్లో చాలామంది ఉండేవారు. మన తెలుగువాళ్ళు వాళ్ళ వెనక “నర్సు మొగుళ్ళు” అని నవ్వుకునేవారు. ఆదివారం మధ్యాహ్నం మాత్రం కురియన్ గారు మళ్ళీ ‘సార్’ అయ్యేవారు. ఒక చర్చి కింది హాలు అద్దెకు తీసుకుని మలయాళం సినిమాలు ఆడించే సంఘానికి ఆయన కార్యదర్శి. ఇస్త్రీ చొక్కా వేసుకుని ముందు వరసలో కూర్చునేవారు. క్వీన్స్ నుంచి రీళ్ళ పెట్టెలు కారులో తెచ్చేది చేచ్చి. హాలు కోసం చర్చివాళ్ళతో మాట్లాడేది చేచ్చి. ఏ సినిమా తెప్పించాలో ఫోన్ల మీద కనుక్కునేది చేచ్చి. సినిమాకు ముందు తెర ముందు నిలబడి, మలయాళం రానివాళ్ళ కోసం కథ నాలుగు ఇంగ్లీషు మాటల్లో చెప్పేది కూడా చేచ్చే. “అచ్చాయన్ సిగ్గుపడతారు, ఇంగ్లీషు కదా” అని సర్దిచెప్పేది. అచ్చాయన్ అంటే ఆమె భర్తను పిలిచే పిలుపు.

తెలుగు సినిమాలు అప్పుడప్పుడే వచ్చేవి కాబట్టి మావాళ్ళు కూడా వెళ్ళి వెనక వరసల్లో కూర్చునేవారు. వాళ్ళకు చిప్సూ టీ ముఖ్యం. “ఏముందండీ ఇందులో, ఒకడు పడవలో వెళ్తాడు, వెళ్తాడు, వెళ్తూనే ఉంటాడు” అనేవారు. నాకూ మొదట అలాగే ఉండేది. చేచ్చి నా పక్కన కూర్చుని చెవిలో మాటలు అనువదిస్తూ ఉండేది. ఒకరోజు సినిమాలో ఇద్దరు మగవాళ్ళు భూమి గురించి వాదించుకుంటుంటే నేను వాళ్ళ మాటల కోసం ఆమె వైపు వంగాను. ఆమె చెప్పలేదు.

“వాళ్ళను వదిలెయ్, మోళే. వెనక చూడు.”

“వెనక ఏముంది చేచ్చీ?”

“గుమ్మంలో ఎవరు?”

చూశాను. గుమ్మంలో, సగం చీకట్లో, ఒక ముసలావిడ గిన్నె పట్టుకుని నిలబడి ఉంది. వాళ్ళ వాదన ఎప్పుడు ఆగితే అప్పుడు వడ్డించాలి. వాదన ఆగదు. ఆమె కాలు మార్చి నిలబడింది. అంతే, ఆమె గురించి సినిమాలో ఇంకేమీ లేదు.

“పేషెంటు నోరు ఎప్పుడూ కథే చెబుతుంది” అంది చేచ్చి. “నేను పాదాలు చూస్తాను. వాపు ఉందా లేదా? సినిమా కూడా అంతే. కథ ముందు ఉంటుంది, మా ఊరు వెనక ఉంటుంది.”

ఆ రోజు నుంచి నేను వెనక చూడటం మొదలుపెట్టాను. వసారాలో ఎవరి చెప్పులున్నాయి, కుర్చీలో ఎవరు కూర్చున్నారు, నేలమీద ఎవరు, చేపల కూరలో చివరి ముక్క ఎవరి పళ్ళెంలోకి వెళ్ళింది. ఒక సినిమాలో గల్ఫు డబ్బుతో కట్టిన రెండంతస్తుల ఇల్లుంటుంది. మేడ మీదికి మెట్లు పూర్తికావు. ఇంట్లోవాళ్ళంతా కిందే పడుకుంటారు, పై గదులు ఖాళీ. కథ మాత్రం ఆ ఇంటి అబ్బాయి ప్రేమ గురించి. నేను వారమంతా ఆ మెట్ల గురించే ఆలోచించాను.

లైబ్రరీలో కేరళ మీద దొరికిన పుస్తకాలన్నీ చదివేశాను. చదివినది ఊరికే ఉంచుకోలేను కదా. ఒకరోజు చేచ్చి వంటింట్లో గొప్పగా, “మీ దగ్గర ఆస్తి అంతా ఆడవాళ్ళ వైపు నుంచే వస్తుందట, మీరు అదృష్టవంతులు” అన్నాను.

చేచ్చి అరటికాయ తరగడం ఆపింది. “ఎవరు చెప్పారు?”

“పుస్తకంలో ఉంది.”

“ఆ పుస్తకం రాసినాయన మా వీధిలోకి రాలేదు, మోళే. అది నాయర్లకు. అదీ ఎప్పుడో పోయింది. మేం క్రిస్టియన్లం. మా అప్పన్, అంటే నాన్న, తన రబ్బరు తోట నా తమ్ముళ్ళకు ఇచ్చాడు. నాకు ఒక ట్రంకుపెట్టె, నర్సింగ్ స్కూలుకు టికెట్టు. ఆ పెట్టె ఖాళీగా వెళ్ళింది, ప్రతి సెలవుకూ నిండి ఇంటికి వచ్చింది. తోట కూడా నా జీతంతోనే పెరిగింది.” కోపం లేదు గొంతులో. మళ్ళీ తరగడం మొదలుపెట్టి, “నువ్వు చదువు. చదివి వచ్చి నాకు చెప్పు. నేను కాదంటాను. అప్పుడు ఇద్దరికీ తెలుస్తుంది” అంది. అప్పటినుంచి మా స్నేహం అలాగే సాగింది.

ఇక సంసారం అన్న మాట సంగతి. ఒకసారి చేచ్చి దంపతులను మా ఇంటికి భోజనానికి పిలిచాం. మా ఆయన కూడా ఆ రోజు హుషారుగా ఉన్నారు. “గుంటూరులో మా భాషతో ఎలా వేగారు మేడమ్?” అని అడిగారు. చేచ్చి నవ్వు ఆపుకుంటూ చెప్పింది. కొత్తగా వార్డులో చేరిన రోజుల్లో ఒక మిరపకాయల వ్యాపారికి గొంతు ఆపరేషన్ అయింది. మాట్లాడకూడదని చెప్పాలి. మలయాళంలో సంసారం అంటే మాట, సంభాషణ. తెలుగులోనూ అదే మాట విన్నట్టుంది కదా అనుకుని, మంచం పక్కన భార్య, అత్తగారు ఉండగా గట్టిగా వేలు చూపించి, “గొంతు మానేదాకా సంసారం చేయకూడదు!” అంది. వ్యాపారి నోరు తెరిచాడు. భార్య కొంగు మొహానికి కప్పుకుంది. వాళ్ళకు అర్థం కాలేదేమో అనుకుని చేచ్చి జాలిపడి, “మరీ తప్పకపోతే కొంచెం కొంచెం, మెల్లగా” అని చెప్పింది. అత్తగారు వార్డులోంచి పరుగు. డాక్టరుగారు గోడకేసి తిరిగి నిలబడ్డాడట.

మా ఆయనకు నవ్వి నవ్వి పొలమారింది. కురియన్ గారు కూడా నవ్వారు, ఆయన ఈ కథ ముందే విన్నట్టుంది. “అయితే మీ భాషలో సంసారం అంటే టాకింగ్! భలే ఉందండీ!” అని మా ఆయన మళ్ళీ మళ్ళీ అన్నారు. ఈ సంగతి గుర్తుంచుకోమని పాఠకులను కోరుతున్నాను. ఆ మాటకు అర్థం ఏమిటో మా ఆయనకు ఆ రోజే తెలుసు, నా ఎదుటే తెలిసింది.

ఎనభైల మధ్యలో అనుకుంటాను, చేచ్చికి ఒక సినిమా ఆడించాలని పట్టుదల వచ్చింది. దూరదేశంలో పనిచేసే ఒక నర్సు కథ. ఊళ్ళో ఎవరో చూసి ఆమెకు చెప్పారట. ఆ ప్రింటు కోసం ఫోన్ల మీద ఫోన్లు చేసింది. సంఘం కమిటీ అధ్యక్షుడు వర్గీస్ గారికి ఇష్టం లేదు. ఆయనా ఒక నర్సు భర్తే. “మన ఆడవాళ్ళ గురించి బయటివాళ్ళ ముందు ఎందుకమ్మా? ఏదైనా కామెడీ తెప్పించు” అన్నాడు. కురియన్ గారు మాత్రం ఆ సినిమా పేరెత్తితే లేచి వెళ్ళిపోయేవారు. నాకు ఆశ్చర్యం, సినిమాలంటే ప్రాణం పెట్టే మనిషి కదా. చేచ్చి కమిటీ ముందు నిలబడి అడిగింది: “అన్ని ఆదివారాలూ మీవే. నాకు ఒక ఆదివారం ఇవ్వండి.” ఆమె అసలు కోరిక సినిమా ఒక్కటే కాదు. సినిమా అయ్యాక నర్సులను లేచి మాట్లాడమనాలని. “ఇరవై ఏళ్ళుగా మేం రోగుల మాట వింటున్నాం. మా మాట ఎవరు విన్నారు? తెర మీద ఒకతె ముందు మాట్లాడితే, కింద ఉన్న మాకు ధైర్యం వస్తుంది” అని నాతో అంది. రోసమ్మ, సోసమ్మ అని ఆమె వార్డులో ఇద్దరు నర్సులుండేవారు. వాళ్ళతో సహా చాలామందిని డ్యూటీలు మార్పించి రప్పించింది. నన్ను కూడా ఒక మాట సిద్ధం చేసుకొమ్మంది. నేను రాత్రీ పగలూ మనసులో ఇంగ్లీషు వాక్యాలు కూర్చుకున్నాను. చివరికి కమిటీ ఒప్పుకుంది, ఆమె లేకపోతే రీళ్ళు ఎవరు తెస్తారు మరి.

ఆ ఆదివారం హాలు నిండింది. నర్సులంతా ఒక పక్కన, కొందరు యూనిఫారాల్లోనే. వెనక మా తెలుగువాళ్ళు, వాళ్ళ మధ్య మా ఆయన. చేచ్చి తెల్ల చీర కట్టుకుంది. సినిమాలో ఆ నర్సు సెలవు మీద ఇంటికొస్తుంది. అందరూ ట్రంకుపెట్టె చుట్టూ చేరతారు. టార్చిలైట్లు, నైలాన్ చీరలు, సెంటు సీసాలు. భర్త కొత్త గడియారం చేతికి పెట్టుకుని వెలుతురులో తిప్పి చూసుకుంటాడు. ఎలా ఉన్నావని ఆమెను ఎవరూ అడగరు. బయట వాన. ఆమే వెళ్ళి బట్టలు తీసుకొస్తుంది, తడి బట్టలు చేతుల్లో ఉండగానే వసారాలో ఆగి భర్తను అడుగుతుంది: “నమ్మళ్ తమ్మిల్ సంసారం ఇల్లాతాయిట్టు ఎత్ర కాలమాయి?”

మనిద్దరి మధ్యా మాటలు లేకుండా పోయి ఎంత కాలమైంది, అని. రోసమ్మ కళ్ళద్దాలు తీసింది.

వెనక వరసలు భళ్ళున నవ్వాయి. వాళ్ళకు అర్థమైన ఒకే ఒక్క మాట అది. ఆ నవ్వు మీదుగా ఒక గొంతు, నాకు బాగా తెలిసిన గొంతు, వినబడింది: “నైట్ డ్యూటీలు చేస్తుంటే సంసారం ఎక్కడిదోయ్!”

మళ్ళీ నవ్వు, ఈసారి ఇంకా పెద్దగా. మలయాళీ మగవాళ్ళు వెనక్కి తిరిగి చూశారు. నైట్ డ్యూటీ అన్నది వాళ్ళకు అర్థమైంది. హైదరాబాదులో పనిచేసి వచ్చిన ఒకాయన మిగతాది పక్కవాళ్ళకు చెప్పాడు. అది వరస నుంచి వరసకు పాకుతూ ముందుకు వెళ్ళడం నేను కళ్ళారా చూశాను. ముందు వరసలో కురియన్ గారికి ఎవరూ చెప్పనక్కరలేదు. ఆయన మెడ వెనక భాగం ఎర్రబడింది.

చేచ్చి లేచింది. హాలు చూసుకునే స్టాన్లీని ప్రొజెక్టరు ఆపమంది. దీపాలు వెలిగాయి. తెర ముందుకు వెళ్ళి, ఎప్పుడూ కథ చెప్పే చోటే నిలబడి, ఇంగ్లీషులో చెప్పింది: “ఫ్రెండ్స్, మా భాషలో సంసారం అంటే మాట్లాడటం. అంతే. ఆమె తనతో మాట్లాడమని భర్తను అడుగుతోంది. ఇందులో నవ్వడానికి...”

“ఇరిక్కెడీ అవిడె!”

కూర్చోవే అక్కడ, అని. కురియన్ గారు లేవను కూడా లేవలేదు. క్లాసులో పిల్లలను కూర్చోబెట్టే గొంతుతో అన్నారు. ఆ మాటను ఎవరూ అనువదించకపోయినా అర్థం అందరికీ తెలిసింది. చేచ్చి ఒకసారి ఆయన వైపు చూసింది. తర్వాత నర్సుల వైపు చూసింది. వాళ్ళు ఒళ్ళోకి చూసుకుంటున్నారు. వచ్చి నా పక్కన కూర్చుంది. దీపాలు ఆరాయి. సినిమా నడిచింది. మిగతా సినిమాలో ఒక్క మాట కూడా ఆమె నాకు అనువదించలేదు, నేను అడగలేదు. అయిపోయాక ఎవరూ మాట్లాడలేదు. రోసమ్మ, సోసమ్మ కోట్లు తొడుక్కుని అందరికంటే ముందు వెళ్ళిపోయారు. నేను కూర్చుకున్న ఇంగ్లీషు వాక్యాలు నా దగ్గరే ఉండిపోయాయి.

ఇంటికొచ్చాక మా ఆయన్ని అడిగాను. “ఆ మాటకు అర్థం మీకు తెలుసు కదా. మన ఇంట్లోనే చెప్పింది కదా.”

“తెలుసు. అయితే?”

“మరి ఎందుకలా అన్నారు?”

“అబ్బా, జోక్ అది. అందరూ ఎంజాయ్ చేశారు. నువ్వు కూడా నవ్వాల్సింది.” బూట్లు విప్పుతూ, “ఈమధ్య నువ్వు మరీ లైబ్రరీ అయిపోతున్నావు” అన్నారు. ఆ మాట మా ఇంట్లో చాలాకాలం నిలిచింది. నేను ఏదైనా అడిగితే, “లైబ్రరీ తెరిచారండోయ్” అనేవారు. అలా అడగడం తగ్గించాను.

కమిటీ మరుసటి వారం సమావేశమైంది. ఇకమీదట సినిమా ముందు పరిచయాలు అక్కరలేదని, ఆడవాళ్ళు ఫలహారాలు చూసుకుంటే చాలని తీర్మానించారు. ఆ తీర్మానం కాగితం మీద రాసినది కురియన్ గారే. చేచ్చి రీళ్ళు తేవడం మానేసింది. నర్సులు హాలుకు రావడం మానేశారు. వాళ్ళు రాకపోతే వాళ్ళ పిల్లలు రారు, హాలు సగం ఖాళీ. కొన్నాళ్ళు కామెడీలు ఆడించారు. ఈలోగా వీడియో క్యాసెట్లు వచ్చాయి, ఎవరింట్లో వాళ్ళు చూసుకున్నారు. సావనీరులో ‘ఆసక్తి తగ్గడం’ అని రాసినది ఇదీ.

చాలారోజులకు నేలమాళిగలో మెషీన్ల దగ్గర కలిసినప్పుడు చేచ్చితో అన్నాను, మావాళ్ళకు అర్థంకాక నవ్వారు, మనసులో పెట్టుకోకు అని. ఎంత పేలవమైన ఓదార్పో అంటున్నప్పుడే తెలుస్తోంది.

“అర్థంకాక నవ్వలేదు, మోళే. అర్థమయ్యే నవ్వారు.”

“ఏ అర్థం?”

“రెండూ.” దుప్పటి అంచులు కలిపి మడతపెట్టింది. “అచ్చాయన్‌కి కోపం ఎందుకో తెలుసా? మీవాళ్ళు నవ్వినందుకు కాదు. ఆ అమ్మాయి అడిగిన మాట నేను మా ఇంట్లో అడిగాను. అదే మాట. సినిమా రాకముందే.”

“ఆయనేమన్నారు?”

“ఏమీ అనలేదు. అదే కదా.” నవ్వబోయి ఆగింది. “నువ్వు మీ ఇంట్లో అడిగావా?”

నేను దుప్పటి రెండో కొస పట్టుకున్నాను. ఆమె నా జవాబు కోసం ఆగలేదు. వెనక చూడటం ఆమెకు ఎప్పుడో వచ్చు.

కురియన్ గారి బాధ నాకు తెలియనిది కాదు. సొంత భాషలో పంతులుగా బతికిన మనిషి, పరాయి దేశంలో పార్కింగులో నిలబడి, వారానికి ఒక పూట మాత్రం మళ్ళీ మనిషి అయ్యేవాడు. ఆ పూట కూడా తెర మీద తన ఇల్లే కనబడింది. ఇదంతా నాకు అర్థమవుతుంది. అర్థమైనంత మాత్రాన ఆ ‘కూర్చోవే’ నా చెవిలోంచి పోదు. పెద్ద సర్జన్లను కూడా పక్కకు జరగమని చెప్పే మనిషి ఆ రోజు వచ్చి నా పక్కన కూర్చుంది. మలయాళం సినిమా తన సమాజాన్ని దాచకుండా చూపిస్తుందని ఇవాళ అందరూ రాస్తున్నారు, నిజమే. ఆ అద్దాన్ని కారులో వేసుకుని తెచ్చిన మనిషిని ఆ సమాజమే కూర్చోబెట్టిందని కూడా రాయాలి. నవ్వి కూర్చోబెట్టింది మా సమాజమని కూడా రాయాలి.

తర్వాత చేచ్చి, కురియన్ గారు కొడుకు దగ్గరికి హ్యూస్టన్ వెళ్ళిపోయారు. పండుగలకు ఫోన్లు ఉండేవి. ఒకసారి ఫోన్ చేస్తే కూతురు లీన ఎత్తింది. అమ్మకు పక్షవాతం వచ్చిందని, మాట పడిపోయిందని చెప్పింది. “డాడ్ రోజంతా మంచం పక్కనే ఉంటారు ఆంటీ. మాట్లాడుతూనే ఉంటారు. పాత ఊరు, పాత సినిమాలు, ఏవేవో. అమ్మ వింటుందో లేదో మాకు తెలీదు.” ఆ తర్వాత కొన్ని నెలలకే చేచ్చి పోయింది. కురియన్ గారు కూడా ఇప్పుడు లేరు.

సావనీరు చూశాక దాని సంపాదకుడికి ఫోన్ చేశాను. కుర్రాడు, మర్యాదస్తుడు. “ఆంటీ, ఐయామ్ సో సారీ. స్పేస్ ప్రాబ్లమ్. కానీ ఫొటో వేశాం కదా?” అన్నాడు. ఆమె టీ పోయలేదు బాబూ, సినిమాలు తెచ్చింది అన్నాను. “ఓకే ఓకే, రెండూ చేసి ఉంటారు కదా ఆంటీ” అన్నాడు. అవును, రెండూ చేసింది.

కృతజ్ఞతలు చెప్పుకోవలసినవాళ్ళు కొందరున్నారు. ఏం చదవాలనుకుంటున్నావని అడిగిన డొలోరెస్‌కు. ఆ ఒక్క ఫొటో తీసి నా చేతికిచ్చిన స్టాన్లీకి. డ్యూటీలు మార్చుకుని వచ్చి, ఏమీ మాట్లాడకుండా వెళ్ళిపోవలసి వచ్చిన రోసమ్మకు, సోసమ్మకు. తల్లి గురించి దాచకుండా చెప్పిన లీనకు. నా చేతిరాత చదివి ఇదంతా టైపు చేస్తూ, “అమ్మా, ఇది నిజంగా వేస్తావా?” అని ఒక్కసారి మాత్రమే అడిగిన మా అమ్మాయి స్వాతికి. ఏలియామ్మ చేచ్చికి కృతజ్ఞతలు చెప్పను. ఆమె ఇచ్చిన చూపు ఇంకా నా దగ్గరే ఉంది, దానితోనే ఇది రాశాను. ఎవరింటికి వెళ్ళినా గుమ్మంలో ఎవరు నిలబడి ఉన్నారో ముందు చూస్తాను. మా ఇంట్లో కూడా.

చివరగా మా ఆయనకు. సినిమా అయిపోయినట్టుంది, వాన ఆగింది. కింద ఇంగ్లీషు అక్షరాలు వేస్తారు కాబట్టి ఇప్పుడు ఆయనకు వాళ్ళ మాటలన్నీ తెలుస్తాయి. ఎక్కడా నవ్వడం వినబడలేదు. “టీ పెడతావా?” అని పక్క గదిలోంచి పిలుస్తున్నారు. పొద్దుటినుంచి మా ఇంట్లో సంసారం ఇంతే. ఆ మాట ఏ భాషలో చదువుకున్నా సరే.